ఆలస్యంగా వచ్చినవాళ్ళ కేసు

నేను కోర్టు గుమ్మం తొక్కింది జీవితంలో ఒక్క కేసు కోసమే. ఆ కేసు వేసినవాళ్ళలో నేనూ ఒకదాన్ని. ఇంకో మనిషి నాతోపాటు చదువుకునే, సమోవా దీవుల నుంచి వచ్చిన ఒకావిడ. ఎదుటి పక్షం మేం చదివే విశ్వవిద్యాలయం. మేం కోరింది ఒక్కటే, మమ్మల్ని పరీక్ష రాయనివ్వమని.

మాది ఒంగోలు. మా ఇంట్లో కోర్టు మాట వస్తే పొలం గట్టు తగాదాలు, తరాలు దాటే వాయిదాలు గుర్తొచ్చేవి. "ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికెళ్ళి ఏడ్చాడంట" అని మా నాన్న నవ్వుతూ అనేవాడు. నవ్వుతూ అన్నా అది హెచ్చరికే. అలాంటి ఇంట్లో పెరిగినదాన్ని, పరాయి దేశంలో, చదువు చెప్పే చోటు మీదే కేసు వేస్తానని ఎవరైనా జోస్యం చెప్పి ఉంటే నమ్మేదాన్ని కాదు.

అప్పట్లో ఆక్లాండ్ శివార్లలో, టకానినిలో ఉండేదాన్ని. కొత్తగా కట్టిన ఇళ్ళ వరసల్లో ఒక ఇంట్లో, మరో ఇద్దరు తెలుగమ్మాయిలతో కలిసి. ఆహార శాస్త్రంలో పీజీ. వారాంతాల్లో ఒక డెయిరీలో పని. ఇక్కడ వీధి చివరి చిన్న కొట్టుని డెయిరీ అంటారు. డెయిరీలో పని దొరికిందని ఫోన్‌లో చెబితే, గేదెలు ఎన్నున్నాయని మా అమ్మ అడిగింది.

చదువులో నాకు ప్రాణం మైక్రోబయాలజీ ల్యాబ్. నిన్న ఏమీ లేని గాజు పళ్ళెంలో ఇవాళ ముత్యాలు చల్లినట్టు బాక్టీరియా గుంపులు లేచి ఉంటే, ప్రతిసారీ మొదటిసారి చూసినట్టే నోరు తెరిచేదాన్ని. మనం పెరుగు తోడేసినప్పుడు గిన్నెలో జరిగేది ఇదేనా అనిపించేది.

ఆ ల్యాబ్ పొద్దున్నే ఉండేది. టకానిని నుంచి సిటీకి రైలు. ఆ సెమిస్టర్‌లో పట్టాల పనుల కోసం చాలా రోజులు రైళ్ళు ఆపేసి, వాటి బదులు బస్సులు నడిపారు. మోటర్‌వే మీద పొద్దుటి ట్రాఫిక్‌లో ఆ బస్సు ఎప్పుడు చేరుతుందో డ్రైవరుకి కూడా తెలిసేది కాదు. చీకటితోనే బయలుదేరినా ఒక్కోరోజు వేళకి చేరేదాన్ని, ఒక్కోరోజు చేరేదాన్ని కాదు.

ఆ బస్సులోనే ఆవిడ పరిచయం. మా పేట తర్వాత వచ్చే మనురేవాలో ఎక్కేది. నలభై దాటిన మనిషి, భారీ విగ్రహం, చెవి దగ్గర ఎప్పుడూ ఒక పువ్వు. వృద్ధుల సంరక్షణ కేంద్రం వంటగదిలో చాలా ఏళ్ళు పనిచేసి, పిల్లలు పెద్దవాళ్ళయ్యాక చదువుకి వచ్చింది. అక్కడి రాత్రి డ్యూటీలు మాత్రం ఇంకా మానలేదు. మొదటిరోజే నోరు జారి ఆంటీ అన్నాను. ఈ దేశంలో అలా పిలిస్తే ఏమనుకుంటారోనని నాలుక కరుచుకునేలోపే ఆవిడ బస్సంతా వినపడేలా నవ్వింది.

"మా వాళ్ళూ అంతేనమ్మాయ్. పెద్దవాళ్ళందరూ ఆంటీలే" అంది.

ఆవిడ మాట్లాడేది ఇంగ్లీషే. కానీ ఆ మాటలు నాకు ఎప్పుడు గుర్తొచ్చినా తెలుగులోనే గుర్తొస్తాయి.

మేమిద్దరం ఆయాసపడుతూ ల్యాబ్‌లోకి వెళితే, అక్కడి ఇన్‌ఛార్జి "కోట్లు వేసుకోండి" అనేది. అంతే. ఆమె సన్నగా పొడుగ్గా ఉండే, ఈ దేశంలోనే పుట్టి పెరిగిన కివీ ఆవిడ. మాట తక్కువ. ఎందుకు ఆలస్యమైందని ఒక్కసారి కూడా అడగలేదు. అందరూ వెళ్ళిపోయాక కూడా మా ప్రయోగం పూర్తయ్యేదాకా తాళంచెవి చేతిలో పట్టుకుని కిటికీ దగ్గర నిలబడేది. మేం వదిలేసిన ప్రయోగం ఒక్కటి లేదు.

సెమిస్టర్ మొదట్లో మాకు చెప్పిన నిబంధన తేలికైనదే. ల్యాబుల్లో ఎక్కువ వాటికి హాజరు కాకపోతే చివరి పరీక్షకి అర్హత ఉండదు. సగం సెమిస్టర్ గడిచాక కోర్సు పేజీలో ఒక ప్రకటన వచ్చింది. పది నిమిషాలు దాటి వచ్చినవాళ్ళని రానివాళ్ళుగానే లెక్కిస్తామని. ఇకనుంచి కాబోలు అనుకున్నాం. చివరికి తెలిసిందేమిటంటే, వెనక్కి వెళ్ళి మొదటి వారం నుంచీ అలాగే లెక్కగట్టారు.

పరీక్షలు దగ్గర పడ్డాక ఇద్దరికీ ఒకే రోజు మెయిల్ వచ్చింది. మీరు ఈ పరీక్ష రాయడానికి అనర్హులు అని. ఇంకా కొంతమందికి వచ్చింది. వాళ్ళు వచ్చే ఏడు చూసుకుందాంలే అని సర్దుకున్నారు. నాకు వచ్చే ఏడు లేదు. ఆ సబ్జెక్టు మళ్ళీ చెప్పేలోపే నా వీసా అయిపోతుంది.

ఇద్దరం అర్జీ పెట్టుకున్నాం. బస్సుల సంగతి రాశాం. ప్రయోగాలన్నీ పూర్తి చేశామని రాశాం. నిబంధనలు అందరికీ ఒక్కటేనని ఒక వాక్యంలో జవాబు వచ్చింది.

ఆ సాయంత్రం తిరుగు బస్సులో నేను కిటికీ వైపు తిరిగి ఏడుస్తున్నాను. ఆంటీ పక్కన కూర్చుని ఆ వాక్యాన్ని ఫోన్‌లో మళ్ళీ మళ్ళీ చదివింది.

"మనం రాసింది వాళ్ళు చదవలేదు" అంది చివరికి.

"చదివే ఉంటారు ఆంటీ. ఒప్పుకోలేదు, అంతే."

"చదివి ఉంటే మనం రాసిన దాంట్లో ఒక్క ముక్కకైనా జవాబుండేది. ఒక్క ముక్కకీ లేదు." ఫోన్ సంచిలో పెట్టుకుంది. "మా పేటలో ఉచితంగా న్యాయ సలహా ఇచ్చే కేంద్రం ఉంది. ఇంటి ఓనరుతో గొడవొచ్చినప్పుడు ఒకసారి వెళ్ళాను. రేపు వెళ్దాం."

"వెళ్ళి?"

"అడుగుదాం. ఇది ఇలా చెయ్యొచ్చా అని అడుగుదాం. అడగడానికి ఏం భయం?"

నాకు అడగడానికే భయం. ఆ రాత్రే మా అక్క ఇంటికి వెళ్ళాను. అక్క అంటే మా పిన్ని కూతురు. ఆక్లాండ్‌లోనే, బోటనీ డౌన్స్ అనే పేటలో ఉంటుంది. బావది ఐటీ ఉద్యోగం. నేను ఈ దేశంలో దిగిన రోజు నుంచి నాకు పెద్ద దిక్కు తనే. పప్పు తాలింపు వేస్తూ నేను చెప్పింది విని, గరిటె పట్టుకునే నా వైపు తిరిగింది.

"కేసా? నీకేమన్నా మతి పోయిందా? యూనివర్సిటీ మీద కేసేస్తే ఆళ్ళు ఊరుకుంటారంటే? వీసా ఏమవుద్దో ఆలోచించావా?"

"ఇంకా ఏమీ వెయ్యలేదక్కా. అడగడానికి వెళ్తున్నాం అంతే."

"మన దేశం కాదమ్మా ఇది. వచ్చామా, చదివామా, సెటిల్ అయ్యామా. తల దించుకుని పోవాల."

అక్క కూతురు హోంవర్క్ చేసుకుంటూ మా మాటలు వింటోంది. దానికి తెలుగు అర్థమవుతుంది, జవాబు మాత్రం ఇంగ్లీషులోనే. "బట్ అమ్మా, దే డిడ్ ద వర్క్, రైట్?" అంది.

"నువ్వు రాసుకో ముందు" అంది అక్క. కానీ వెళ్ళేటప్పుడు డబ్బాలో పప్పు కట్టిచ్చి, "ఆ లాయరుని వీసా సంగతి ముందడుగు. అది తేల్చుకోకుండా ఎక్కడా సంతకం పెట్టమాక" అంది.

సలహా కేంద్రంలో మమ్మల్ని ఒక న్యాయవాది కూర్చోబెట్టాడు, ఈ దేశపు మూలవాసులైన మావోరి మనిషి. ముప్పై ఏళ్ళు దాటి ఉంటాయి. వర్షంలో సైకిల్ మీద వచ్చినట్టున్నాడు, జాకెట్ నుంచి నీళ్ళు కారుతున్నాయి. నేను ముందు వీసా సంగతే అడిగాను. కోర్టుకి వెళ్ళడం ఈ దేశంలో ఎవరికైనా ఉన్న హక్కనీ, దానివల్ల ఎవరి వీసా పోదనీ చెప్పాడు. ఓడిపోతే ఎదుటివాళ్ళ ఖర్చులు కొంత భరించమనే ప్రమాదం ఉందని కూడా దాచకుండా చెప్పాడు. తర్వాత మెయిళ్ళన్నీ చదివి, ఆంటీ వైపు చూశాడు.

"మీకు వాళ్ళ మీద కోపంగా ఉందా?" అని అడిగాడు.

"ఉంది" అంది ఆంటీ.

"ఉండొచ్చు. కోర్టుకి మాత్రం అది అక్కర్లేదు. వాళ్ళు మంచివాళ్ళా చెడ్డవాళ్ళా అని కోర్టు అడగదు. నిబంధన పెట్టే అధికారం వాళ్ళకి ఒక చట్టం ఇచ్చింది. ఆ అధికారాన్ని ఇచ్చిన తీరులోనే వాడారా, లేదా? అంతే అడుగుతుంది."

నేను ఆ మాట దగ్గరే ఆగిపోయాను. అప్పటిదాకా నా దృష్టిలో నిబంధన అంటే వాన లాంటిది. పడుతుంది, తడుస్తాం. దాని వెనక ఒక మనిషి ఉంటాడని, ఆ మనిషికి ఆ అధికారం ఎక్కణ్ణుంచో వచ్చి ఉంటుందని, దానికి హద్దు ఉంటుందని నాకెప్పుడూ తోచలేదు. ఇరవై ఏళ్ళకి పైగా బళ్ళోనూ కాలేజీలోనూ ఎన్ని నిబంధనలు పాటించానో! ఒక్కదాన్ని కూడా "నువ్వెక్కణ్ణుంచి వచ్చావ్?" అని అడగలేదు.

మా ఇద్దరి చేతా అఫిడవిట్లు రాయించాడు. ఎన్ని గంటలకి లేస్తాం, ఏ బస్సెక్కుతాం, ల్యాబ్‌లో ఏం చేశాం, ఉన్నదున్నట్టు. ఏడుపులు, వేడికోళ్ళు రాస్తే కొట్టేశాడు. "జరిగింది చెప్పండి చాలు. బరువు దానికే ఉంటుంది" అన్నాడు. ఫీజు మాట ఎత్తలేదు. విచారణ ఎప్పుడొస్తుందని అడిగాను, మనసులో ఏళ్ళు లెక్కపెట్టుకుంటూ.

"పరీక్ష వచ్చే వారం కదా. ఆ లోపే" అన్నాడు.

నిజంగానే ఆ లోపే వచ్చింది.

ఆక్లాండ్ హైకోర్టు ఎర్ర ఇటుకల పాత కట్టడం. గోడల మీద పైన రాతిలో చెక్కిన ముఖాలు కిందికి చూస్తుంటాయి. ఆ ముఖాల కింద ఆంటీ నిలబడి ఉంది, చర్చికి వెళ్ళేటప్పుడు వేసుకునే తెల్ల దుస్తుల్లో. నేను ఉన్నవాటిలో మంచి చుడీదార్ వేసుకున్నాను. ఇద్దరం ఒకరి చెయ్యి ఒకరం పట్టుకుని లోపలికి వెళ్ళాం. ఆంటీ చెయ్యి చల్లగా ఉంది. అప్పుడు తెలిసింది ఆవిడకీ భయమేనని.

మమ్మల్ని ఎవరూ ఆపలేదు. సంచులు చూసి పంపించారు. గది చివర జనం కోసం బల్లలున్నాయి. ఎవరైనా వచ్చి కూర్చోవచ్చట. కాసేపటికి తలుపు తెరుచుకుని, చేతిలో కారు తాళాలతో మా అక్క లోపలికి వచ్చింది. నేను పిలవలేదు. నా పక్కన కూర్చుని, చెవిలో, "పార్కింగ్ దొరకలా. లేకపోతే ముందే వచ్చేదాన్ని" అంది.

కోర్టు మొదలవుతున్నట్టు మావోరి భాషలోనూ ఇంగ్లీషులోనూ ప్రకటించారు. అందరం లేచాం. జడ్జి ఒక పెద్దావిడ. పొట్టి తెల్ల జుట్టు, నల్ల గౌను. ఆవిడ కూర్చునే ముందు మా అందరి వైపూ చూసి తల వంచింది. న్యాయవాదులూ వంచారు. అక్క గబుక్కున చేతులు జోడించింది.

మొదట మా న్యాయవాది మాట్లాడాడు. తర్వాత విశ్వవిద్యాలయం తరఫు న్యాయవాది లేచాడు. వయసు మళ్ళినవాడు, చాలా మర్యాదగా మాట్లాడాడు. వేలమంది విద్యార్థులున్నచోట నిబంధన అంటూ ఉండాలని, ఒకరికి సడలిస్తే మిగతావాళ్ళకి అన్యాయమని, ఆహార భద్రత చదివేవాళ్ళకి వేళ పాటించడం చదువులో భాగమేనని చెప్పాడు. నాకు ప్రతి మాటా సబబుగానే తోచింది. అయిపోయింది, ఓడిపోయాం అనుకున్నాను.

జడ్జి రాసుకుంటున్నది ఆపి కళ్ళద్దాలు తీసింది.

"నాకొక సందేహం" అంది. "ఇవాళ నేను మొత్తం కేసు తేల్చడం లేదు. వీళ్ళని పరీక్షకి కూర్చోనివ్వాలా వద్దా అన్నదే చూస్తున్నాను. కూర్చోనిచ్చాక నాది పొరపాటని తేలితే, ఆ జవాబు పత్రాలు మీరు దిద్దకుండా పక్కన పడెయ్యొచ్చు. మీకు పెద్దగా పోయేదేమీ లేదు. కూర్చోనివ్వకుండా పంపేశాక నాది పొరపాటని తేలితే, వీళ్ళకి నేనేం తిరిగివ్వగలను?"

ఆ పెద్ద న్యాయవాది ముందున్న కాగితాల వైపు చూశాడు. వాదించడానికి ఏదో ఒకటి వెతుక్కుంటాడనుకున్నాను. ఆయన తలెత్తి, "ఏమీ ఇవ్వలేరు, యువర్ ఆనర్" అన్నాడు.

అంతే. తన పక్షానికి నష్టమని తెలిసీ, అడిగిన ప్రశ్నకి ఉన్న జవాబు చెప్పాడు. ఆ క్షణంలో ఆ గదిలో మా పక్షం, వాళ్ళ పక్షం అనేవి లేనట్టు అనిపించింది. ఆ ప్రశ్న ఒక్కటే మధ్యలో నిలబడి ఉంది, దాన్ని అందరూ ఒకేలా చూస్తున్నారు. వేలమంది చదివే విశ్వవిద్యాలయం ఒకవైపు, డెయిరీలో చిప్స్ ప్యాకెట్లు సర్దే నేను ఒకవైపు. ఆ ప్రశ్న ముందు ఇద్దరి ఎత్తూ ఒక్కటే.

జడ్జి మధ్యంతర ఉత్తర్వు అప్పటికప్పుడే ఇచ్చింది. మేం పరీక్ష రాయొచ్చు. జవాబు పత్రాలు మాత్రం కవర్లో పెట్టి సీలు వెయ్యాలి. కేసు తేలేదాకా ఎవరూ తెరవకూడదు.

బయటికి వచ్చాక ఆంటీ ఆ రాతి ముఖాల కింద నిలబడి కళ్ళు మూసుకుని ప్రార్థన చేసుకుంది. అక్క నా భుజం పట్టుకుని ఊపేసింది.

"ఆ జడ్జి గారిని చూశావంటే? మంచినీళ్ళు ఆవిడే గ్లాసులో పోసుకుని తాగింది! పక్కన అంతమంది ఉన్నారు, ఒక్కళ్ళని కూడా అడగలా!"

ఆ రోజు విన్న వాదనంతటిలో అక్కకి చిరకాలం గుర్తున్నది అదే. బోటనీలో తెలుగువాళ్ళు ఎవరు కలిసినా అదే చెప్పేది.

పరీక్ష హాల్లో మా ఇద్దరికీ వెనక వరసలో విడిగా బల్లలు వేశారు. రాయడం అయ్యాక ఇన్విజిలేటర్ మా పత్రాలు మా ఎదుటే కవర్లలో పెట్టి, అంటించి, పైన సంతకం పెట్టింది. లోపల నేను రాసినవన్నీ పెరుగు గురించీ పాల గురించీ వాటిలో పెరిగే సూక్ష్మజీవుల గురించే. వాటిని తెరవాలా వద్దా అని ఒక దేశపు హైకోర్టు ఆలోచిస్తుందంటే నమ్మకం కలగలేదు.

అసలు విచారణకి కొన్ని వారాలు పట్టింది. ఈలోగా మా న్యాయవాది ల్యాబ్ ఇన్‌ఛార్జికి కబురు పంపాడు, ఏం జరిగిందో చెప్పగలరా అని. ఆవిడ చెప్పదనుకున్నాను. అక్కడే ఉద్యోగం చేస్తోంది, అక్కడి పెద్దల మాట కాదని ఎలా చెబుతుంది? ఒకరోజు కారిడార్‌లో ఎదురుపడింది. నేను తల దించుకుని పక్కకి తప్పుకోబోయాను.

"నన్ను అడిగారు" అంది ఆవిడ, నడక ఆపకుండానే. "ఉన్నది రాసిచ్చాను."

ఆ ఉన్నదేమిటో కోర్టులో విన్నాను. ఆ ఇన్‌ఛార్జి అఫిడవిట్‌లో కొంత భాగం జడ్జి ఇలా పైకి చదివింది: వాళ్ళిద్దరికీ గైర్హాజరు వెయ్యమంటే వేశాను. వాళ్ళు ఆలస్యంగా వచ్చిన ప్రతిరోజూ పని మొత్తం పూర్తి చేశారు. నేను అక్కడే ఉండి చూశాను. వాళ్ళ పరిస్థితి గురించి నన్నెవరూ అడగలేదు. అడిగి ఉంటే అప్పుడే ఇదే చెప్పేదాన్ని.

ఆవిడ ఆ రోజు జనం కూర్చునే చోట, చివరి బల్ల మీద ఉంది. విశ్వవిద్యాలయం నుంచి వచ్చిన ఇద్దరు అధికారులు ఆవిడ పక్కనే కూర్చున్నారు. విరామంలో ముగ్గురూ కలిసే బయటికెళ్ళి కాఫీ తెచ్చుకున్నారు. నేను కళ్ళార్పకుండా చూస్తూ ఉండిపోయాను. మరుసటి సెమిస్టర్‌లోనూ ఆవిడే ఆ ల్యాబ్ ఇన్‌ఛార్జి. నిజం చెప్పినందుకు ఆవిడకి సన్మానమూ జరగలేదు, శిక్షా పడలేదు. రోజూ లాగే తాళం తీసి, కోట్లు వేసుకోండి అంది. ఆ మామూలుతనమే నాకు అన్నిటికంటే పెద్ద వింత.

తీర్పు మెయిల్‌లో వచ్చింది. అప్పటికి రైళ్ళు మళ్ళీ నడుస్తున్నాయి. సిటీకి వెళ్ళే రైల్లో నిలబడి ఫోన్‌లో తెరిచాను. అందరిలాగే చివరి పేజీకి వెళ్ళి చూడాలనుకున్నాను. కానీ రెండో పేజీలోనే ఒక వాక్యం దగ్గర చూపు ఆగిపోయింది.

రెండో పిటిషనర్ టకానినిలో నివసిస్తున్నారు. ల్యాబ్ ఉన్న రోజుల్లో తెల్లవారకముందే ఇంటి నుంచి బయలుదేరేవారు.

అది నేనే. నాతో ఉండే అమ్మాయిల నిద్ర చెడకుండా చెప్పులు చేత్తో పట్టుకుని తలుపు తీసుకుని బయటికొచ్చిన ఆ పొద్దులు. వాటిని నేను తప్ప ఇంకొకరు చూశారని నాకు తెలియదు. ఇప్పుడు ఒక హైకోర్టు తీర్పులో, పేరాకి వేసిన నంబరు పక్కన, ఉన్నాయి. ఆంటీ గురించి కూడా ఉంది. రాత్రి డ్యూటీ చేసిన మర్నాడు కూడా ఆవిడ ల్యాబ్ మానలేదని ఉంది. మా ఊళ్ళో శాసనాలు రాళ్ళ మీద చెక్కేవారు, రాజు ఎవరికి ఏం దానం చేశాడో. మా ఇద్దరి బస్సు ప్రయాణాలు కూడా అలా ఎక్కడో చెక్కినట్టే అనిపించింది. దిగాల్సిన స్టేషన్ దాటిపోయింది. నేను చూసుకోలేదు.

జడ్జి రాసిందాని సారం ఇది. హాజరు నిబంధన పెట్టే అధికారం విశ్వవిద్యాలయానికి ఉంది. ఆ విషయంలో మా వాదన ఆవిడ ఒప్పుకోలేదు. వేళకి రావాలని అడగడం కూడా తప్పు కాదు. కానీ సగం సెమిస్టర్ అయ్యాక మార్చి, గడిచిపోయిన వారాలకి దాన్ని వర్తింపజేయడం చెల్లదు. విద్యార్థి చెప్పుకున్న కారణాన్ని చదివి ఆలోచించకుండా కొట్టేయడం కూడా చెల్లదు. ఆవిడ మమ్మల్ని పరీక్షలో పాసు చెయ్యలేదు, అర్హత కూడా తనే ఇవ్వలేదు. విశ్వవిద్యాలయమే మా కారణాలు విని, మళ్ళీ నిర్ణయం తీసుకోవాలంది.

అంటే మళ్ళీ వాళ్ళ దగ్గరికే వెళ్ళాలి. ఆంటీకి ఫోన్ చేస్తే, "ఇంకేం, మొదట మనం అడిగింది అదే కదా. వినమని" అంది.

ఈసారి మమ్మల్ని పిలిచి కూర్చోబెట్టారు. విభాగం పెద్ద ఒక్కొక్కరి మాటా పూర్తయ్యేదాకా విన్నాడు. బస్సు ఏ దారిన వెళ్ళేదో కూడా అడిగాడు. చివర్లో లేచి, "ఈ మాటలు మేం ముందే వినాల్సింది" అన్నాడు. కవర్లు తెరిచి మా పత్రాలు దిద్దించారు.

నేను పాసయ్యాను. ఆంటీ ఫెయిలైంది.

ఆ సంగతి తెలిసిన రోజు మనురేవాలో వాళ్ళింటికి వెళ్ళాను. ఎలా పలకరించాలో తెలియక గుమ్మంలోనే నిలబడ్డాను. ఇన్ని నెలలు, ఇంత పోరాటం, నన్ను కూడా చెయ్యి పట్టుకుని నడిపించిన మనిషి. నేను గట్టెక్కి ఆవిడ మునిగిపోయిందే అనుకున్నాను. ఆవిడ బల్ల మీద పుస్తకాలు పరుచుకుని కూర్చుని ఉంది.

"రా, కూర్చో. ఈ మూడో అధ్యాయం నాకు మళ్ళీ చెప్పాలి నువ్వు" అంది.

"ఆంటీ... మీరు బాధపడట్లేదా?"

"పడ్డాను. పొద్దున పడ్డాను, అయిపోయింది." పుస్తకం నా వైపు జరిపింది. "చూడమ్మాయ్, మొదట వాళ్ళు నాకిచ్చిన ఫెయిలు నాది కాదు. ఎవరో నా నెత్తిన పెట్టారు. ఇది మాత్రం నాదే. నేను కూర్చుని, నా చేత్తో రాసి, నేను ఫెయిలయ్యాను. దీన్ని నేనే బాగుచేసుకోగలను."

నేను అక్కడ కూర్చుని మూడో అధ్యాయం చెప్పాను. ఆవిడ మధ్యమధ్యలో ఆపి, నాకే జవాబు తెలియని ప్రశ్నలు అడిగింది. ఇద్దరం కలిసి వెతికాం. కోర్టులో జడ్జిని చూసినప్పుడు ఎలా అనిపించిందో, ఆ బల్ల దగ్గర ఆవిడని చూస్తే నాకు అచ్చం అలాగే అనిపించింది. తల వంచాలనిపించింది.

మరుసటి ఏడు ఆవిడ ఆ సబ్జెక్టు మళ్ళీ చదివింది. అప్పటికి హాజరు నిబంధన మొదటి వారంలోనే క్లాసులో చదివి వినిపించడం మొదలుపెట్టారు. వేళ నియమం దాంట్లో అలాగే ఉంది. అది చదువుతున్నప్పుడు ఆంటీ మొదటి వరసలోనే కూర్చుందట, అందరికంటే ముందు వచ్చి.

ఆంటీకి పట్టా ఇచ్చే రోజున నేనూ అక్కా వెళ్ళాం. నాకు అప్పటికి ఒక చీజ్ ఫ్యాక్టరీ ల్యాబ్‌లో ఉద్యోగం వచ్చింది. సెలవు పెట్టి వచ్చాను. ఆంటీ వాళ్ళ కుటుంబం రెండు వరసలు నిండా కూర్చుంది. పూలదండలు, మిఠాయిలు గుచ్చిన దండలు అందరి ఒళ్ళోనూ ఉన్నాయి. వేదిక మీద ఆవిడ పేరు చదవగానే ఆ రెండు వరసలూ ఒక్కసారిగా లేచి పాడడం మొదలుపెట్టాయి. వాద్యం లేదు, మైకు లేదు. ముసలివాళ్ళ గొంతులు కింద, పిల్లల గొంతులు పైన, అంత పెద్ద హాలూ నిండిపోయింది. పట్టా పట్టుకున్న ఆంటీ వేదిక మధ్యలో ఆగిపోయి, పాట పూర్తయ్యేదాకా అక్కడే నిలబడింది. తర్వాతి పేరు చదవాల్సినాయన కాగితం దించి, ఆయన కూడా విన్నాడు.

"ఏం పాడుతున్నారే?" అని అడిగింది అక్క.

"తెలీదక్కా" అన్నాను.

అక్క లేచి నిలబడింది. నేనూ లేచాను.